ఫిలిప్ పినెల్

ఫిలిప్ పినెల్ (ఏప్రిల్ 20, 1745 - అక్టోబర్ 25, 1826) ఫ్రాన్సు దేశానికి చెందిన సుప్రసిద్ధ వైద్యుడు. మానసిక రోగులను నేరస్థులవలె బంధించి ఉంచే కాలంలో, వారిని రోగులుగా గుర్తించి, ఓర్పుతో పరిశీలించి, మాటతోను, పనితోను, క్రమబద్ధమైన జీవనంతోను చికిత్స చేయవచ్చునని నిరూపించడానికి కృషి చేసినవారిలో ఈయన ముఖ్యుడు. ఆధునిక మనోవ్యాధి వైద్యశాస్త్రానికి పితామహులుగా చెప్పబడే వారిలో ఈయన ఒకడు. పారిస్ నగరంలోని ఆసుపత్రిలో పిచ్చివారి సంకెళ్ళను తెంచిన వైద్యునిగా పినెల్ పేరు ప్రపంచమంతటా ప్రచారంలో ఉంది. అయితే బిసెత్రు ఆసుపత్రిలో ఆ సంకెళ్ళను తొలగించినది పినెల్ కాదు, అక్కడి పర్యవేక్షకుడైన జీన్ బాప్టిస్ట్ పుస్సిన్. ఈ సంగతిని పినెల్ స్వయంగా తన గ్రంథంలో నమోదు చేశాడు.

బాల్యము, విద్యాభ్యాసము

పినెల్ దక్షిణ ఫ్రాన్సులోని ఇప్పటి తార్న్ జిల్లాకు చెందిన జోంకియేర్ అనే పల్లెలో జన్మించాడు. తండ్రి క్షురక వృత్తితో పాటు శస్త్రవైద్యం చేసేవాడు. ఆ రోజులలో ఈ రెండు పనులూ ఒకే వృత్తిగా ఉండేవి. తల్లి వైపు బంధువులలో కూడా వైద్యులు ఉండేవారు. కుటుంబానికి పెద్దగా ఆస్తిపాస్తులు లేవు. ఏడుగురు సంతానంలో ఈయన పెద్దవాడు.

కుటుంబ సభ్యులు ఈయనను మతాచార్యునిగా చూడాలని తలచారు. అందువల్ల సమీపంలోని లవూర్ పట్టణంలో మతసంస్థ నడిపే పాఠశాలలో ప్రాచీన భాషలు, సాహిత్యము చదివి, తరువాత తులూజ్ నగరంలో మతశాస్త్రం అభ్యసించాడు. కాని 1770లో ఆ చదువును విడిచి వైద్య విద్యలో చేరాడు. 1773 డిసెంబరులో తులూజ్ విశ్వవిద్యాలయం నుండి వైద్య పట్టా పొందాడు. ఆపైన వైద్య విద్యకు పేరుగాంచిన మోంపెల్లియే నగరానికి వెళ్ళి నాలుగేళ్ళు గడిపాడు. అక్కడ గణితశాస్త్రం బోధిస్తూ, ధనికులైన విద్యార్థులకు సిద్ధాంత వ్యాసాలు వ్రాసి పెడుతూ జీవనం సాగించాడు. తరువాతి కాలంలో రసాయన శాస్త్రజ్ఞునిగాను, మంత్రిగాను పేరు పొందిన చాప్తాల్ అక్కడే ఈయనకు మిత్రుడయ్యాడు.

పారిస్ నగరంలో తొలి సంవత్సరాలు

1778లో పినెల్ కాలినడకన పారిస్ చేరుకున్నాడు. అయితే ఇతర ప్రాంతాల విశ్వవిద్యాలయాలు ఇచ్చిన పట్టాలను పారిస్ వైద్య విద్యాలయం గుర్తించేది కాదు. ఆ విద్యాలయంలో మళ్ళీ చదవడానికి అవసరమైన ధనసహాయం కోసం ఈయన ఒక పోటీ పరీక్షలో రెండుసార్లు పాల్గొని రెండుసార్లూ విఫలుడయ్యాడు. ఈయన స్వతహాగా బిడియస్థుడు. సభలో నిలబడి ధారాళంగా మాట్లాడగల నేర్పు ఈయనకు లేదు.

దీనితో సుమారు పదిహేను సంవత్సరాల పాటు పారిస్‌లో స్వేచ్ఛగా వైద్యం చేసే అర్హత లేక, రచనలు, అనువాదాలు, గణిత బోధన ద్వారా జీవించాడు. 1784 నుండి 1789 వరకు గజెత్ ద సాంతే అనే ఆరోగ్య పత్రికకు సంపాదకత్వం వహించాడు. స్కాట్లాండు వైద్యుడు విలియం కల్లెన్ రచించిన వైద్య గ్రంథాన్ని 1785లో ఫ్రెంచి భాషలోనికి అనువదించాడు. ఇటలీ వైద్యుడు బగ్లివి రచనలను 1788లో పరిష్కరించి ప్రచురించాడు. రోగి పక్కన కూర్చుని లక్షణాలను ఓపికగా గమనించడం, వాటిని క్రమంలో పెట్టడం అనే పద్ధతి ఈ గ్రంథాల మూలంగా ఈయనకు బాగా అలవడింది. పారిస్ శివార్లలో మదాం హెల్వేషియస్ ఇంట జరిగే విద్వద్గోష్ఠులకు కూడా ఈయన వెళ్ళేవాడు. కబానిస్ వంటి మేధావులతో పరిచయం అక్కడ ఏర్పడింది.

మిత్రుని మరణము

పినెల్ మానసిక వ్యాధుల వైపు మళ్ళడానికి ఒక విషాదం కారణమైంది. ఈయన మిత్రుడైన ఒక యువకుడు మొదట దిగులుతో కూడిన మనోవ్యాధికి లోనై, క్రమంగా ఉన్మాదావస్థకు చేరుకున్నాడు. చివరికి ఇంటి నుండి పారిపోయి అడవిలో మరణించాడు. అతనికి సరియైన పద్ధతిలో చికిత్స, సంరక్షణ జరిగి ఉంటే ఆ ప్రాణం దక్కేదని పినెల్ భావించాడు. ఆ బాధ ఈయనను చిరకాలం వెన్నాడింది.

ఆ తరువాత పారిస్‌లో బెలోమ్ అనే వ్యక్తి నడిపే ప్రైవేటు ఆశ్రమంలో ఈయన సుమారు ఐదేళ్ళు వైద్యునిగా పనిచేశాడు. ధనిక కుటుంబాలు తమ ఇళ్ళలోని మతిస్థిమితం లేనివారిని డబ్బు చెల్లించి అక్కడ ఉంచేవి. యజమాని బెలోమ్ వైద్యుడు కాదు, వడ్రంగి. రోగి కోలుకుంటే ఆదాయం పోతుంది కనుక నిర్వాహకులకు చికిత్సపై ఆసక్తి ఉండేది కాదని పినెల్ గ్రహించాడు.

ఆనాటి పరిస్థితులు

పద్దెనిమిదవ శతాబ్దపు ఫ్రాన్సులో పేద మానసిక రోగులకు దొరికే వైద్యం చాలా స్వల్పం. పారిస్‌లో వారిని మొదట ఓతెల్ ద్యూ అనే పెద్దాసుపత్రికి తీసుకువెళ్ళేవారు. అక్కడ మాటిమాటికి రక్తం తీయడం, విరేచనాలు చేయించడం, చన్నీటిలో ముంచడం వంటివి చేసేవారు. కొన్ని వారాలలో గుణం కనబడకపోతే వారిని నయం కానివారిగా నిర్ణయించి, పురుషులను బిసెత్రుకు, స్త్రీలను సాల్‌పెత్రియేర్‌కు పంపేవారు. ఈ రెండూ పేరుకు ఆసుపత్రులైనా, వాస్తవానికి అనాథలు, వృద్ధులు, బిచ్చగాళ్ళు, చిల్లర నేరస్థులు, సుఖరోగులు అందరినీ కలిపి ఉంచే బందిఖానాల వంటివి. ఉద్రేకంతో ఉన్న రోగులను గోడకు గొలుసులతో కట్టివేసేవారు. ఏళ్ళ తరబడి ఆ గొలుసులలోనే బ్రతికినవారు ఉండేవారు.

బిసెత్రు ఆసుపత్రిలో

1789లో మొదలైన ఫ్రెంచి విప్లవం పాత వ్యవస్థలను కూలద్రోసింది. పినెల్ విప్లవాన్ని తొలుత స్వాగతించినా, తరువాత జరిగిన హింసకు కలత చెందాడు. 1793 జనవరి 21న పదహారవ లూయీ రాజును వధించినప్పుడు ఈయన జాతీయ రక్షక దళ సభ్యునిగా అక్కడ విధిలో ఉన్నాడు. ఆ దృశ్యం తనను ఎంతగా కలచివేసినదీ సోదరునికి వ్రాసిన లేఖలో తెలిపాడు.

పాత వైద్య విద్యాలయం రద్దు కావడం, మిత్రులు అధికార స్థానాలకు చేరడం వలన పినెల్‌కు అవకాశం లభించింది. 1793 ఆగస్టు 25న ఈయన బిసెత్రు ఆసుపత్రికి వైద్యునిగా నియమితుడై, సెప్టెంబరులో విధులలో చేరాడు. అప్పటికి ఈయన వయస్సు 48 సంవత్సరాలు. బిసెత్రులో ఉన్న సుమారు నాలుగు వేల మందిలో మానసిక రోగులు రెండు వందల మంది. వారు ఏడవ విభాగంలో ఉండేవారు.

ఈయన ప్రతిరోజు, కొన్నిసార్లు రోజుకు పలుమార్లు, ఒక్కొక్క రోగిని దర్శించేవాడు. వారితో చాలాసేపు మాట్లాడి, వ్యాధి ఎప్పుడు ఎలా మొదలైందో, ఏ సంఘటన తరువాత ముదిరిందో, ఏ సమయాలలో తగ్గుతుందో వ్రాసుకునేవాడు. అప్పటి వైద్యులు మానసిక రోగుల మాటలను అర్థం లేని ప్రలాపాలుగా తోసివేసేవారు. ఆ మాటలలో రోగి గతజీవితం, భయాలు, ఆశలు కనిపిస్తాయని పినెల్ తెలుసుకున్నాడు. ఉన్మాదంలో ఉన్నవాడు కూడా చాలా విషయాలలో సక్రమంగా ఆలోచించగలడని, అతనిలో మిగిలి ఉన్న వివేకాన్ని ఆధారంగా చేసుకుని చికిత్స చేయవచ్చునని ఈయన నమ్మకం. 1794 డిసెంబరులో పారిస్‌లోని ప్రకృతిశాస్త్ర సంఘంలో ఉన్మాదంపై ఒక వ్యాసం చదివి, తన పరిశీలనలను పండితుల ముందుంచాడు.

పుస్సిన్ దంపతులు

పినెల్ బిసెత్రులో అడుగుపెట్టేసరికి ఆ విభాగాన్ని జీన్ బాప్టిస్ట్ పుస్సిన్ (1745 - 1811) నడుపుతున్నాడు. ఆయన తోళ్ళు పదునుచేసే వృత్తికి చెందినవాడు. గండమాల వ్యాధితో 1771లో బిసెత్రులో రోగిగా చేరి, కోలుకున్న తరువాత అక్కడే ఉద్యోగిగా ఉండిపోయాడు. క్రమంగా మానసిక రోగుల విభాగానికి పర్యవేక్షకుడైనాడు. ఆయన భార్య మార్గరీత్ కూడా ఆయనతోపాటు రోగులను చూసుకునేది. ఇద్దరికీ వైద్య విద్య లేదు.

రోగులను కొట్టరాదని, తమపై దాడి జరిగినా ఎదురు దెబ్బ కొట్టరాదని పుస్సిన్ పరిచారకులకు కఠినమైన నియమం విధించాడు. దీనిని పాటించనివారిని తొలగించాడు. కోలుకున్న రోగులనే పరిచారకులుగా తీసుకోవడం ఆయన ప్రవేశపెట్టిన మరొక పద్ధతి. బాధను స్వయంగా అనుభవించినవారు ఇతరుల పట్ల దయతో మెలగుతారన్నది దీనిలోని ఆలోచన.

పినెల్ వైద్యుడై ఉండి కూడా, పుస్సిన్ అనుభవం ముందు తన పుస్తక జ్ఞానం చాలదని గ్రహించాడు. వైద్యునికి ఉండవలసిన అధికార గర్వాన్ని పక్కనపెట్టి ఆయన వద్ద శిష్యునివలె నేర్చుకున్నాడు. ఆ ఋణాన్ని తన గ్రంథంలో దాచకుండా చెప్పుకున్నాడు. పుస్సిన్ ఆచరణలో పెట్టిన దానిని పరిశీలించి, క్రమబద్ధం చేసి, వైద్యశాస్త్రంగా మలచి ప్రపంచానికి అందించడం పినెల్ చేసిన పని.

చికిత్సా విధానము

పినెల్ పద్ధతిని ఫ్రెంచి భాషలో త్రెత్‌మాఁ మొరాల్ అంటారు. దీనిని నైతిక చికిత్స అని మాటకు మాట అనువదిస్తే పొరపాటు అర్థం వస్తుంది. నీతులు బోధించడం దీని ఉద్దేశం కాదు. శరీరం మీద గాక మనస్సు మీద, భావోద్వేగాల మీద పనిచేసే చికిత్స అని దీని అర్థం. ఇందులోని ముఖ్యాంశాలు ఇవి.

రోగులను వ్యాధి స్వభావాన్ని బట్టి వేరు వేరు గదులలో ఉంచడం. ఉద్రేకంతో ఉన్నవారిని, దిగులుతో ఉన్నవారిని, కోలుకుంటున్నవారిని ఒకేచోట కలపకపోవడం.

రక్తం తీయడం, విరేచనాలు, అతిగా మందులు ఇవ్వడం వీలైనంత తగ్గించడం. కొన్ని రకాల ఉన్మాదం దానంతట అదే తగ్గుతుందని, తొందరపడి చేసే వైద్యం రోగిని బలహీనపరుస్తుందని ఈయన అభిప్రాయం.

రోగితో మృదువుగా, అయితే దృఢంగా వ్యవహరించడం. అవసరమైనప్పుడు మాత్రమే, కొద్దిసేపు మాత్రమే నిర్బంధించడం.

చేతనైన పని కల్పించడం. తోటపని, కుట్టుపని వంటివి మనస్సును నిలకడగా ఉంచుతాయని ఈయన గమనించాడు.

తగినంత ఆహారం, శుభ్రత, వేళకు నిద్ర. విప్లవకాలపు కరువులో బిసెత్రులో రొట్టె పరిమాణం తగ్గించినప్పుడు మరణాలు పెరిగాయని ఈయన తన గ్రంథంలో చూపాడు.

ఈ పద్ధతి ఎల్లప్పుడూ ఫలించలేదు. ఒక దర్జీ రాజు మరణశిక్ష గురించి ఏదో మాట జారి, అందుకు తనను కూడా చంపుతారనే భయంతో మతి చలించి బిసెత్రుకు వచ్చాడు. ఇతర రోగుల దుస్తులు కుట్టే పని అప్పగించినప్పుడు కొంత కోలుకున్నాడు గాని, మళ్ళీ భయం ఆవరించింది. అప్పుడు పినెల్ ముగ్గురు యువ వైద్యులకు న్యాయాధికారుల వేషం వేయించి, ఒక నాటకపు విచారణ జరిపించి, అతనిని నిర్దోషిగా ప్రకటింపజేశాడు. దర్జీ తేరుకున్నాడు. కాని ఆ మేలు నిలువలేదు, వ్యాధి తిరగబెట్టింది. పినెల్ తన విజయాలతో పాటు ఇటువంటి వైఫల్యాలను కూడా గ్రంథంలో వివరించాడు.

సాల్‌పెత్రియేర్ ఆసుపత్రిలో

1795లో పినెల్ సాల్‌పెత్రియేర్‌కు ప్రధాన వైద్యునిగా బదిలీ అయ్యాడు. ఇది వేలాది మంది పేద, వృద్ధ, రోగగ్రస్త స్త్రీలు నివసించే ఒక చిన్న పట్టణం వంటిది. మరణించే వరకు ఈయన ఈ పదవిలోనే ఉన్నాడు. అదే కాలంలో కొత్తగా ఏర్పడిన పారిస్ వైద్య పాఠశాలలో ఆచార్యునిగా కూడా నియమితుడైనాడు. ఒకనాడు తనకు ప్రవేశం దొరకని నగరంలోనే వైద్య విద్యార్థులకు గురువయ్యాడు.

సాల్‌పెత్రియేర్‌లో పుస్సిన్ వంటి సహాయకుడు లేని లోటు పినెల్‌కు బాగా తెలిసివచ్చింది. పలుమార్లు కోరిన మీదట 1802లో పుస్సిన్ దంపతులను అక్కడికి బదిలీ చేయించుకోగలిగాడు. అప్పుడు దేశీయ వ్యవహారాల మంత్రిగా ఉన్నది పాత మిత్రుడు చాప్తాల్. మశూచి టీకాలు పారిస్‌లో మొదలైనప్పుడు, 1800లో సాల్‌పెత్రియేర్‌లోనే వాటికి కేంద్రం ఏర్పాటయింది.

చికిత్సా ఫలితాలను లెక్కలతో నిర్ణయించాలని ఈయన ప్రయత్నించాడు. 1802 నుండి 1805 చివరి వరకు సాల్‌పెత్రియేర్‌లో చేరిన 1002 మంది స్త్రీల వివరాలను పట్టికలుగా కూర్చి, 1807లో ఫ్రాన్సు విజ్ఞాన సంస్థలో సమర్పించాడు. వారిలో సుమారు సగం మంది కోలుకున్నట్లు తెలిపాడు. మానసిక వైద్యంలో గణాంకాలను ఉపయోగించిన తొలి ప్రయత్నాలలో ఇది ఒకటి.

రచనలు, వ్యాధుల వర్గీకరణ

1798లో ప్రచురించిన నోసోగ్రఫీ ఫిలోసోఫిక్ అన్ని రకాల వ్యాధులను వర్గీకరించిన గ్రంథం. ఇది చాలాకాలం ఫ్రాన్సులో వైద్య విద్యార్థులకు పాఠ్యగ్రంథంగా ఉంది. శరీర ధాతువులపై బిషా చేసిన ప్రసిద్ధ పరిశోధనకు ఈ గ్రంథం ప్రేరణ కలిగించింది. 1801 నాటికి వెలువడిన మానసిక వ్యాధుల గ్రంథం పినెల్‌కు అంతర్జాతీయ ఖ్యాతి తెచ్చింది. దీని ఆంగ్లానువాదం 1806లో, విస్తరించిన రెండవ ముద్రణ 1809లో వచ్చాయి.

మానసిక వ్యాధులను ఈయన విషాదోన్మాదం, ఉన్మాదం, మతిక్షయం, బుద్ధిమాంద్యం అని నాలుగు తెగలుగా విభజించాడు. ఆలోచనాశక్తి చెడకుండా, భావోద్వేగాలు, ప్రవర్తన మాత్రమే అదుపు తప్పే ఒక స్థితిని కూడా వర్ణించి, దానికి భ్రాంతి లేని ఉన్మాదం అని పేరు పెట్టాడు. బుద్ధి సక్రమంగా ఉన్నంత మాత్రాన మనిషి ఆరోగ్యవంతుడు కాడని, ఉద్వేగాలకు కూడా వ్యాధి సోకుతుందని చెప్పడం అప్పటికి కొత్త విషయం. నేటి ప్రవర్తనా లోపాల అధ్యయనానికి ఇది ఒక తొలి మెట్టు.

అవేరాన్ బాలుడు

1800లో దక్షిణ ఫ్రాన్సు అడవులలో ఒంటరిగా పెరిగిన ఒక బాలుడు దొరికాడు. మాటలు రాని ఆ బాలుని పారిస్‌కు తీసుకురాగా, పినెల్ పరీక్షించి, అతడు పుట్టుకతోనే బుద్ధిమాంద్యం గలవాడని, మెరుగుపడే ఆశ లేదని నిర్ణయించాడు. యువ వైద్యుడైన ఇటార్డ్ దీనిని అంగీకరించక, మనుష్యుల సాంగత్యం లేకపోవడమే బాలుని స్థితికి కారణమని వాదించి, విక్టర్ అని పేరు పెట్టి సుమారు ఐదేళ్ళు చదువు చెప్పాడు. విక్టర్ పూర్తిగా మాట్లాడలేకపోయినా, కొన్ని అక్షరాలు, ఇతరుల పట్ల ప్రేమ, దైనందిన అలవాట్లు నేర్చుకున్నాడు. ఇటార్డ్ పద్ధతులు సెగిన్ ద్వారా మరియా మాంటిస్సోరి వరకు చేరి, ప్రత్యేక విద్యకు పునాది అయ్యాయి. పెద్దవారి ఉన్మాదంలో ఆశను చూసిన పినెల్, ఈ బాలుని విషయంలో ఆశను చూడలేకపోయాడు.

సంకెళ్ళ కథ

పినెల్ బిసెత్రులో చేరిన కొద్దికాలానికే విప్లవ నాయకుడు కుతోన్‌ను ఎదిరించి అనుమతి పొంది, స్వయంగా రోగుల గొలుసులు విప్పించాడని ఒక కథ ఉంది. ఇది పినెల్ కుమారుడు సిపియోన్ రచనల ద్వారా వ్యాపించింది. చార్లెస్ ముల్లర్ 1849లో బిసెత్రు దృశ్యాన్ని, టోనీ రాబర్ట్ ఫ్లూరీ 1876లో సాల్‌పెత్రియేర్ దృశ్యాన్ని చిత్రించారు. ఈ చిత్రాల వల్ల కథ చరిత్రగా స్థిరపడింది.

వాస్తవానికి బిసెత్రులో గొలుసులను తొలగించినది పుస్సిన్. అది 1797లో, అంటే పినెల్ అక్కడి నుండి వెళ్ళిపోయిన రెండేళ్ళ తరువాత జరిగింది. ఆ తరువాత సాల్‌పెత్రియేర్‌లో కూడా పినెల్ ఈ పద్ధతిని అనుసరించాడు. గొలుసులకు బదులు, చేతులను కదలనీయకుండా బిగించే గట్టి గుడ్డ చొక్కాను వాడారు. తాను బిసెత్రులో ఉండగా ఈ మార్పును చూడలేకపోయానని, పుస్సిన్ దానిని సాధించాడని పినెల్ 1809 నాటి ముద్రణలో వ్రాశాడు. అయినా చదువులేని సేవకుని కంటే ప్రసిద్ధ వైద్యుడు కథానాయకునిగా బాగుంటాడు కాబోలు, పుస్సిన్ పేరు చాలాకాలం మరుగున పడిపోయింది. ఇరవయ్యవ శతాబ్దపు చరిత్రకారుల పరిశోధన వలన ఆయనకు తగిన స్థానం లభించింది.

ఇతర దేశాలలోను ఇటువంటి ప్రయత్నాలు అదే కాలంలో జరిగాయి. ఇటలీలోని ఫ్లోరెన్స్ నగరంలో కియారూజీ, ఇంగ్లండులోని యార్క్ నగరంలో 1796లో ఆశ్రమం ప్రారంభించిన విలియం ట్యూక్ వీరిలో ముఖ్యులు.

విమర్శలు

పినెల్ పద్ధతిలో బెదిరింపు, ఒంటరి గదిలో ఉంచడం, బిగించే చొక్కా వంటివి మిగిలే ఉన్నాయి. ఫ్రెంచి తత్వవేత్త మిషెల్ ఫూకో 1961లో ప్రచురించిన గ్రంథంలో దీనిని తీవ్రంగా విమర్శించాడు. గొలుసులు తొలగించి వాటి స్థానంలో వైద్యుని అధికారాన్ని, అపరాధ భావనను ఉంచారని ఫూకో వాదన. పినెల్ రచనలను అధ్యయనం చేసిన పలువురు చరిత్రకారులు ఈ వాదనను పూర్తిగా అంగీకరించలేదు. రోగి మాట వినడం, అతనికి కోలుకునే శక్తి ఉందని నమ్మడం ఆ కాలానికి పెద్ద మార్పు అని వారి అభిప్రాయం.

చివరి దశ

పినెల్ 1803లో విజ్ఞాన శాస్త్ర అకాడమీకి ఎన్నికయ్యాడు. 1804లో లీజియన్ ఆఫ్ ఆనర్ పురస్కారం అందుకున్నాడు. నెపోలియన్‌కు సలహా వైద్యునిగా కూడా నియమితుడైనాడు. రాజరికం తిరిగి వచ్చిన తరువాత, 1822లో ప్రభుత్వం పారిస్ వైద్య విద్యాలయాన్ని రద్దుచేసి, ఉదారవాదులుగా భావించిన పలువురు ఆచార్యులను తొలగించింది. వారిలో పినెల్ ఒకడు. 1826 అక్టోబరు 25న సాల్‌పెత్రియేర్‌లోనే మరణించాడు. పారిస్‌లోని పేర్ లషేజ్ శ్మశానవాటికలో ఈయన సమాధి ఉంది.

ప్రభావము

పినెల్ శిష్యులలో ఎస్కిరోల్ (1772 - 1840) ముఖ్యుడు. 1811లో పుస్సిన్ మరణించిన తరువాత సాల్‌పెత్రియేర్‌లో ఆ బాధ్యతలు చేపట్టి, గురువు పద్ధతిని దేశమంతటా విస్తరింపజేశాడు. ఎస్కిరోల్ కృషి ఫలితంగా 1838లో ఫ్రాన్సులో ప్రతి జిల్లా మానసిక రోగుల సంరక్షణకు ఏర్పాట్లు చేయాలనే చట్టం వచ్చింది. సాల్‌పెత్రియేర్ ముందు 1885లో పినెల్ విగ్రహం ప్రతిష్ఠించారు. అదే సంవత్సరం సిగ్మండ్ ఫ్రాయిడ్ అక్కడ షార్కో వద్ద శిక్షణ కోసం వచ్చాడు.

మందులు, మెదడు గురించిన జ్ఞానం నేడు ఎంతో పెరిగాయి. అయినా మానసిక రోగి జీవిత చరిత్రను అతని నోటనే విని నమోదు చేయడం, రోజువారీ పనిని చికిత్సలో భాగం చేయడం, రోగిని కొట్టరాదనే నియమం మానసిక వైద్యంలో నిలిచి ఉన్నాయి. వీటి వెనుక ఒక వైద్యుడు, ఒక మాజీ రోగి, అతని భార్య కలిసి చేసిన కృషి ఉంది.